కూరేసు మేస్టారు

మా మేస్టారు పోయారన్న కబురు మంగళవారం పొద్దున్న వచ్చింది. మలయి దేశంలో, క్లాంగులో మా ఇంటి వెనక వసారాలో కూర్చుని మునగాకు దూస్తున్నాను. బ్రిక్‌ఫీల్డ్స్ నుంచి ఆయన మనవరాలు ఫోను చేసింది. నన్నూ అమ్మమ్మ అనే పిలుస్తుంది. తెలుగు బాగానే అర్థమవుతుంది గాని మాట్లాడాలంటే తడుముకునే పిల్ల, ఇక్కడివాళ్ళందరిలా మాట చివర ‘లా’ తగిలిస్తుంది.

“అమ్మమ్మా, తాతా పోయినారు. పొద్దున్న కాపీ తాగినారు, పేపర్ అడిగినారు. నేను తెచ్చేలోపల... అట్లే కుర్చీలో. నిద్రపోయినట్టే ఉన్నారు లా.”

 ఆ పిల్ల ముక్కు చీదుకుని మళ్ళీ అంది. “ఒకటి అడగాల. ఫారంలో పుట్టిన ఊరు రాయాలంట. తాతాని ఎప్పుడు అడిగినా ‘కూరేసు’ అనేవారు. ఫోన్లో వెతికితే ఇటలీ చూపిస్తాంది. తాతా ఇటలీలో పుట్టినారా?”

చావు కబురు వింటూ నవ్వకూడదు. కానీ నవ్వొచ్చేసింది. ఒళ్ళో మునగాకంతా కింద పడేలా నవ్వాను. అవతల ఆ పిల్ల కంగారుపడి, కాసేపటికి తనూ నవ్వేసింది. “ఆయన ఐ.సి. కార్డు తీసి చూడమ్మా, పుట్టిన ఊరు అందులో ఉంటాది. కూరేసు సంగతి నేనొచ్చి చెప్తాను” అన్నాను. ఫోను పెట్టేశాక గాని ఏడుపు రాలేదు.

ఆ పిల్లకి చెప్పినదే మీకూ చెబుతున్నాను.

అప్పటికి నాకు పదేళ్ళు. బంటింగ్ దగ్గర రబ్బరు తోట మాది. మాది అంటే మేం పనిచేసినది. మా నాన్న జపానువాళ్ళ కాలంలో సయాం రైలుపనికి వెళ్ళి తిరిగి రాలేదు. అమ్మ తెల్లవారకుండా లేచి రబ్బరు చెట్లకు గాట్లు పెట్టి పాలు తీసేది. మా లైను ఇళ్ళు, అంటే కూలీలకు వరసగా కట్టిన గదులు, తోటలో చాలా లోపల, అడవి అంచున ఉండేవి. కమ్యూనిస్టులు అడవిలో చేరి తెల్లదొరల మీద తుపాకులు పట్టారని సర్కారు ఎమర్జెన్సీ పెట్టింది. అడవిలో ఉన్నవాళ్ళకు మేం ఎక్కడ బియ్యం అందిస్తామోనని సర్కారువాళ్ళు నాలుగు లైన్లవాళ్ళనూ లారీలెక్కించి తెచ్చి, రోడ్డుపక్క ఒకచోట దింపారు. చుట్టూ ముళ్ళకంచె, ఒకటే గేటు, గేటు దగ్గర తుపాకులతో కాపలా. బయటికి వెళ్ళేటప్పుడు ఒళ్ళంతా తడిమి చూసేవాళ్ళు. గుప్పెడు బియ్యం, ఒక మందుబిళ్ళ దొరికినా అరెస్టే.

ఆ చోటుకి పేరు లేదు. కాగితాల మీద నంబరుండేది. తెలుగువాళ్ళం ‘కంచె’ అనేవాళ్ళం, తమిళులు ‘కంబి’ అనేవాళ్ళు. ఎవరైనా “మీదే ఊరు?” అని అడిగితే పడగొట్టేసిన పాత లైను పేరు చెప్పేవాళ్ళం.

మేస్టారు మా వెనకాలే వచ్చారు. ఇరవై రెండేళ్ళుంటాయేమో. సన్నగా, పొడుగ్గా ఉండేవారు. చెవి మీద ఎప్పుడూ ఒక సుద్దముక్క. పేరాక్ వైపు ఒక తోటలో కిరానీగారి అబ్బాయి, ఇంగ్లీషు బడిలో చదువుకున్నారు. తండ్రిలాగే తోట ఆఫీసులో గుమాస్తాగా కుర్చీలో కూర్చోవచ్చు. అది మానుకుని, రబ్బరు షీట్లు ఎండబెట్టే పాత షెడ్డులో మాకు తెలుగు బడి పెట్టారు. ఆ షెడ్డులో పుల్లటి కంపు కొట్టేది. మొదటిరోజు మేం ముక్కులు మూసుకుంటే ఆయన గట్టిగా ఊపిరి పీల్చి, “ఇది మీ అమ్మల కష్టం వాసన. ముక్కు మీద సేతులు తియ్యండి” అన్నారు. అందరం తీశాం.

ఆయనకు ఒకటే పిచ్చి. కనబడినదానికల్లా ఆ పేరెందుకొచ్చిందో అడగాలి. వంకాయకి ఆ పేరెందుకు? మాటామాటా అంటే పోలీసులు గదా, మలయిలో మాటా అంటే కన్ను గదా, మరి పోలీసుకి కళ్ళ పేరెందుకు పెట్టారు? మాకు జవాబు తెలియకపోతే ఆయన ముఖం వెలిగిపోయేది. పలక తీయించి ‘తెలీదు’ అని రాయించేవారు. “ఆ మాట పైన రాసుకుని, దాని కింద చదువు మొదలెట్టండి” అనేవారు. నేను ముప్పైయేళ్ళు బడిపంతులమ్మగా పనిచేశాను. పిల్లలు తెలీదని చెప్పడానికి భయపడని తరగతి నాదొక్కటేనని తోటి టీచర్లు అనేవాళ్ళు. ఆ గొప్ప నాది కాదు.

తోట దొర ఒకాయన తన దేశం వెళ్ళిపోతూ చెత్తలో పారేసిన పుస్తకాల్లో ఒకటి మేస్టారికి దొరికింది. ముందు పేజీలు, వెనక పేజీలు చెదలు తినేశాయి. దాని పేరేమిటో, రాసిందెవరో ఆయనకీ చివరిదాకా తెలియలేదు. రోము చరిత్ర అది. మధ్యాహ్నం పిల్లలకు నిద్ర ముంచుకొచ్చే వేళ దాన్ని తెరిచి, ఇంగ్లీషులో చదువుకుంటూ తెలుగులో చెప్పేవారు.

ఒకరోజు బోర్డు మీద పెద్ద అక్షరాలతో ‘కూరేసు’ అని రాశారు. కిందనే ఇంగ్లీషులో CURES అని రాశారు.

“సదవండి” అన్నారు.

“కూరేసు!” అని అరిచాం.

వెనక బెంచీ నుంచి ఎవరో “కో!” అన్నారు. కూరేసుకో! షెడ్డు రేకులు ఎగిరిపోయేంత నవ్వులు. ఆకలి రోజులు మరి. బియ్యం కొలిచి ఇచ్చేవాళ్ళు, కూరంటే ఎండుచేప ముక్క, ఉప్పునీళ్ళలో ఉడికిన ఆకు. మేస్టారు కోప్పడతారనుకున్నాం. ఆయన సుద్దముక్క కింద పడేసుకుని మాకంటే ఎక్కువ నవ్వారు. “ఈ ఊరు పుట్టిన్నాటి నుంచి ఇంత మంచి అర్థం ఎవుడూ సెప్పలేదురా!” అన్నారు.

కళ్ళు తుడుచుకుని కథ మొదలుపెట్టారు. రోముకి ఒకరోజు గట్టి నడక దూరంలో, తైబరు నదికి తూర్పున, ఉప్పు బండ్లు నడిచే దారి పక్కన గుట్ట మీద చిన్న ఊరట. సబీనులనే జనం ఉండేవారట. ఆ ఊరికి కూరేసని పేరెందుకొచ్చింది? సబీనుల భాషలో ఈటెని కూరిస్ అంటారు గనుక ఈటెలవాళ్ళ ఊరని కొందరన్నారు. కాదు, ఊరు కట్టినవాడు కొలిచిన యుద్ధదేవుడి పేరు మీద వచ్చిందని కొందరన్నారు. ఇదంతా తరవాత ఎవరో అల్లిన కట్టుకథ అని ఇంకొందరన్నారు.

“మరేది నిజం మేస్టారూ?” అని నేనే అడిగాను.

ఆయన బోర్డు మీద ‘తెలీదు’ అని రాసి కింద రెండు గీతలు గీశారు.

ఆ తరవాత అసలు కథ. రోమువాళ్ళు సబీనుల ఆడపిల్లల్ని ఎత్తుకుపోయారు. ఈటెలు పట్టుకుని సబీనులు యుద్ధానికొచ్చారు. అప్పటికి ఆ ఆడపిల్లలు తల్లులయిపోయారు. ఇటు తండ్రులు, అటు మొగుళ్ళు. చంటిపిల్లల్ని ఎత్తుకుని రెండు సైన్యాల మధ్యకి వచ్చి నిలబడ్డారు. యుద్ధం ఆగిపోయింది. ఇద్దరూ ఒకటే జనమయ్యారు. “ఊరికి రోమనే ఉంచినారు. మనుషులకి మాత్రం కూరేసు పేరు తీసుకున్నారంట. రోము పౌరుణ్ణి క్విరీటు అనీవోరు. సూసినారా, ఎంత సిన్న ఊరో, ఎంత పెద్ద పేరో! నిజమో కాదో ఆ సెదలకే తెలియాల” అన్నారు.

ఇంటికెళ్ళి అమ్మకి చెప్పాను, ఇవాళ బడిలో కూరేసు అని.

“ఓలమ్మా! కూరేసినాడేటే మేస్టరు? ఏం కూరే?” అంది అమ్మ, చేతిలో పని వదిలేసి.

మర్నాటికి కంచె లోపల అందరి నోటా అదే. ఆడవాళ్ళు మేస్టారు ఎదురుపడితే “ఇయ్యాలేం కూర బాబూ?” అని అడిగేవాళ్ళు. వారం తిరిగేసరికి ఆ చోటికే కూరేసు అని పేరు పడింది. తమిళం మాట్లాడేవాళ్ళు కూడా అదే అన్నారు. నంబరు కంటే నయం కదా.

ఇక నా తప్పు సంగతి. మేస్టారు కూరేసు పటం గీసుకురమ్మన్నారు. నేను ప్రాణం పెట్టి గీశాను. గుట్ట, నది, ఉప్పు బండ్ల దారి, గుట్ట మీద వరసగా ఈటెలు పట్టుకున్న మనుషులు. పైన పెద్దగా CURES. అది అమ్మకు పనిచోట చూపించాలని, సెలవురోజు ఆవిడ వెంట పాలగిన్నెలు ఏరడానికి వెళుతూ లంగా నడుములో దోపుకున్నాను.

గేటు దగ్గర తడుముతుంటే కాగితం బయటపడింది. కాపలా మనిషి దాన్ని విప్పి అటు తిప్పాడు, ఇటు తిప్పాడు. ఇంకొకణ్ణి పిలిచాడు. ఆ రెండోవాడికి కాస్త ఇంగ్లీషొచ్చు. ఆ అక్షరాలను ఇంగ్లీషు మాటగా చదివితే రోగాలు నయం చేసేవి అని అర్థమట. కొండ, దారి, ఆయుధాలు పట్టుకున్న మనుషులు, పైన మందులని రాసి ఉంది! అడవిలోవాళ్ళకు మందులు చేరవేసే దారి పటమని తేల్చేశారు.

“ఎవరు గీయించారు?” అని అడిగారు. నేను మేస్టారి పేరు చెప్పేశాను.

పావుగంటలో ఆయన్ని గదిలోంచి తీసుకెళ్ళారు. జీపు ఎక్కుతూ కూడా చెవి మీద సుద్దముక్క అలాగే ఉంది. ఆ రోజుల్లో అలా ఎక్కినవాళ్ళు కొందరు నెలల తరబడి తిరిగి రాలేదు. కొందర్ని ఓడెక్కించి ఇండియాకి పంపేశారని కూడా వినేవాళ్ళం. నేను తిండి మానేశాను. ఎవరి ముఖమూ చూడలేదు.

 మర్నాడు పొద్దున్నే అమ్మ పనికి వెళ్ళకుండా, మేస్టారి గదిలోంచి ఆ చెదలు తిన్న పుస్తకం తీసి కొంగులో కట్టుకుంది. మరో ముగ్గురు ఆడవాళ్ళను వెంటబెట్టుకుని, గేటు దగ్గర చీటీ రాయించుకుని నాలుగు మైళ్ళు నడిచి స్టేషనుకి వెళ్ళింది. నన్నూ తీసుకెళ్ళింది. ఇనస్పెక్టరు ఊళ్ళో లేడు. వచ్చేదాకా కదలమని నలుగురూ స్టేషను గేటుకి అడ్డంగా కూర్చున్నారు. జీపు బయటికి పోవాలంటే వీళ్ళ మీదుగా పోవాలి. సాయంత్రానికి లేపి పంపించారు. మర్నాడు మళ్ళీ వెళ్ళారు. మూడో రోజు ఇనస్పెక్టరు వచ్చాడు. క్లాంగులో పుట్టిన మలయి మనిషి. బొద్దుగా ఉంటాడు, అలసిపోయిన ముఖం.

“ఏమిటిది?” అన్నాడు మలయిలో.

అమ్మ తనకొచ్చిన బజారు మలయిలో చెప్పేసింది. “తువాన్, ఈ ఊరు ఈ పుస్తకంలో ఉంది లా. పుస్తకం కూడా జైల్లో ఎయ్యండి. పటం ఈ పిల్ల గీసింది, దీన్నీ ఎయ్యండి. మా మేస్టర్ని ఒగ్గీండి.”

ఇనస్పెక్టరు పుస్తకం తీసుకుని లోపలికి వెళ్ళాడు. అరగంట గడిచింది. లోపల ఏమవుతోందో తెలియదు. నేను అమ్మ చీర కుచ్చెళ్ళు పట్టుకుని నిలబడ్డాను. ఇంతలో కిటికీలోంచి నవ్వు వినబడింది. ఇద్దరి నవ్వు. తరవాత గొంతులు పెద్దవయ్యాయి, దెబ్బలాడుకుంటున్నట్టు.

నిజంగానే దెబ్బలాడుకుంటున్నారట. కూరేసు కథంతా విని ఇనస్పెక్టరు, మా క్లాంగు పేరుకి మాత్రం కథలు తక్కువా అన్నాడట. కిలాంగ్ అంటే గిడ్డంగి, ఒకప్పుడు సరుకు గిడ్డంగులుండేవి గనుక ఆ పేరొచ్చిందని వాళ్ళ అమ్మమ్మ చెప్పేదట. కాదు, నీటికాలవకి పాత భాషలో ఉన్న మాట నుంచి వచ్చిందని కూడా అంటారని మేస్టారు ఎదురు చెప్పారట. అరెస్టయి మూడు రోజులు లోపలున్న మనిషి, వదిలేసే అధికారం ఉన్న మనిషితో అంత వాదన! చివరికి ఇద్దరూ తెలీదన్న మాట దగ్గర రాజీకొచ్చారు.

ఇనస్పెక్టరు తనే జీపులో మమ్మల్నందర్నీ కూరేసులో దింపాడు. దిగేటప్పుడు నా తల మీద చెయ్యి వేసి, “చిక్గూ, వచ్చేసారి ఈ పిల్ల చేత పువ్వులు గీయించు లా” అన్నాడు. చిక్గు అంటే వాళ్ళ మాటలో మేస్టారే.

నేను మేస్టారి కాళ్ళ మీద పడబోయాను. ఆయన రెక్క పట్టుకుని లేపారు. జేబులోంచి నా పటం తీశారు. స్టేషను ముద్ర పడింది దాని మీద.

“గుట్ట బాగా గీసినావే. ఒకటే తప్పు. నది ఊరికి పడమట గదా ఉండాల? నువ్వు తూర్పున గీసినావు. ఈ పటం పట్టుకుని ఎవుడు బయల్దేరినా మందులు కాదు గదా, మంచినీళ్ళు కూడా దొరకవని సెప్పినాను ఇనస్పెక్టరుకి” అన్నారు.

మూడు రోజుల తరవాత అదే నా మొదటి నవ్వు. ఆయన అమ్మ వైపు తిరిగి చేతులు జోడించారు. “ఆ కథలో ఆడోళ్ళని అచ్చంగా నమ్మలేదమ్మా నేను. ఇయ్యాల నమ్మినాను” అన్నారు. అమ్మకి ఆ కథ సరిగా తెలియదు. “కూరేటి సేసినానో అడక్కండి మేస్టరుగోరూ, మూడు రోజులై పొయ్యి ఎలగలేదు” అంది.

తరవాత మెర్దేకా, అంటే ఈ దేశానికి స్వాతంత్ర్యం, వచ్చింది. ఆ ముందూ వెనకా రోజుల్లో మేస్టారు బడి అయిపోగానే షెడ్డు బయట బల్ల వేసుకుని అందరికీ పౌరసత్వం దరఖాస్తులు రాసేవారు. తెలుగువాళ్ళకీ, తమిళులకీ, రోడ్డవతల చీనావాళ్ళకీ. మళ్ళీ మనదేశం పోతామేమోనని కొందరు ముసలివాళ్ళు వేలిముద్ర వెయ్యడానికి వెనకాడేవాళ్ళు. ఆయన ఎవర్నీ తొందరపెట్టేవారు కాదు. “పొమ్మని ఎవరూ అనకూడదనే ఈ కాయితం. పోవాలంటే మీ కాళ్ళు మీకున్నాయి” అనేవారు.

అమ్మ వంతు వచ్చింది. “నాను ఈ దేశం దాన్నని కాయితం ఎందుకు మేస్టరుగోరూ? రబ్బరు సెట్టుకి తెలుసు లా” అంది.

“సెట్టు సంతకం పెట్టదు గదమ్మా. పుట్టిన ఊరు?”

అమ్మ పుట్టిన లైను ఎప్పుడో పడగొట్టేశారు. కాసేపు ఆలోచించి, “కూరేసు అని రాసీండి” అంది.

“రాస్తే మనిద్దరం మల్లీ స్టేషనుకే” అని మేస్టారు పగలబడి నవ్వి, తోట పేరు రాశారు. ఆ కాగితం వచ్చిన రోజు అమ్మ దాన్ని చదవలేదు, చదువు రాదు. రెండు చేతులతో పట్టుకుని వాసన చూసింది.

ఊరి పేరు బోర్డు కోసం పెద్దవాళ్ళు వారం రోజులు తగువులాడుకున్నారు. తమిళులు మురుగన్ పేరన్నారు, మనవాళ్ళు సింహాద్రి అప్పన్న పేరన్నారు. విసిగిపోయిన అధికారి గేటు దగ్గరున్న చెట్టు పేరు మీద మలయి పేరొకటి రాయించి పోయాడు. ఆ పేరు బోర్డు మీదే ఉండిపోయింది. బంటింగ్ బస్సు కండక్టరు మాత్రం “కూరేస్! కూరేస్!” అనే అరిచేవాడు.

నేను పెళ్ళయి క్లాంగు వచ్చేశాను. మేస్టారు చాలా ఏళ్ళ తరవాత కొడుకు దగ్గరికి బ్రిక్‌ఫీల్డ్స్ చేరారు. రెండేళ్ళ కిందట ఆయన్ని చూడటానికి వెళితే, మా ఊరి వైపు నుంచి వచ్చిన ఫ్యాక్టరీ కుర్రాడొకడు అక్కడున్నాడు. ఊరి చరిత్ర తనకు బాగా తెలుసన్నట్టు చెప్పుకొచ్చాడు. “తాతా, ఎమర్జెన్సీ టైములో అక్కడ పెద్ద వంటశాల ఉండేదంట. జనం పళ్ళేలు పట్టుకుని లైనులో నిలబడితే కూరేసీవోరంట. అందుకే కూరేసు అన్నారంట.”

నిజానికి కొన్నాళ్ళు అలాంటి వంటశాల ఉండేది కూడా. బియ్యం బయటికి పోకుండా అందరికీ ఒకేచోట వండేవారు. నేను అసలు సంగతి చెప్పబోయాను. మేస్టారు నా చెయ్యి పట్టుకుని ఆపారు. ఆయన భుజాలు నవ్వుతో ఊగుతున్నాయి, కళ్ళలో నీళ్ళు. “బాగుంది బాబూ. చాలా బాగుంది. మీ పిల్లలకి కూడా సెప్పు” అన్నారు. అతను వెళ్ళాక నాతో అన్నారు: “దిద్దకే. ఊరికి మూడు కథలుంటే గాని అది ఊరు కాదు. మనది ఇయ్యాల ఊరయింది.”

ఆయన్ని తలుచుకుంటే నాకు ముందుగా గుర్తొచ్చేది ఒక సాయంత్రం. మెర్దేకాకి కొన్ని నెలల ముందు, మా ప్రాంతంలో ఆంక్షలు ఎత్తేశారు. అంతవరకు సాయంత్రం ఆరయితే గేటు మూసేవాళ్ళు. ఆ రోజు ఆరయింది, గేటు తెరిచే ఉంది. అందరం దాని దగ్గరికొచ్చి నిలబడ్డాం గాని దాటడానికి ఎవరికీ కాళ్ళు రాలేదు. మేస్టారు స్నానం చేసి, తెల్ల బనీను, లుంగీతో వచ్చారు. చెప్పులు విప్పి చేత్తో పట్టుకున్నారు. అలా నడుచుకుంటూ గేటు దాటేశారు.

“ఎక్కడికి మేస్టరుగోరూ?” అని అమ్మ కేకేసింది.

“ఎక్కడికీ కాదమ్మా, ఊరికినే!” అన్నారు, వెనక్కి తిరక్కుండా.

ముందు పిల్లలం పరుగెత్తాం. తరవాత ఆడవాళ్ళు, చంకల్లో పిల్లల్తో. తరవాత ముసలివాళ్ళు. పగలంతా కాగిన తారు ఇంకా వెచ్చగా ఉంది, అరికాళ్ళకి హాయిగా ఉంది. ఎవరికీ పని లేదు, ఎవరూ ఎక్కడికీ పోవడం లేదు, ఊరంతా రోడ్డు మీద నడుస్తోంది. రెండు పక్కలా రబ్బరు చెట్ల కింద చీకటి పడుతోంది. ముందు మేస్టారి తెల్ల బనీను ఒక్కటే కనబడుతోంది. మలుపు దగ్గరకొచ్చి ఒక్కసారి ఆగింది. మేం అందుకుంటామో లేదో చూసి, మళ్ళీ ముందుకి కదిలింది.